దొరసాని తోటలో రాతలమ్మ

రంగారెడ్డి జిల్లా మొయినాబాద్‌లో నివసిస్తున్నదానిని, చేవెళ్ల బజారులో విత్తనాల దుకాణం నడిపిన కీర్తిశేషులు పబ్బ విశ్వనాథం గారి పెద్ద కూతురిని, ముప్పై మూడేళ్లు కాలేజీల్లో చరిత్ర చెప్పి రిటైరైనదానిని, పెళ్లి చేసుకోనిదానిని, డెబ్బై ఒక్క ఏళ్ల వయసు గలదానిని అయిన పబ్బ అరుణాదేవి అనే నేను, నా తదనంతరం నా ఆస్తి, పుస్తకాలు, కాగితాలు ఎవరికి చెందాలో నిర్ణయించి నా సొంత దస్తూరితో రాసి పెడుతున్న కాగితం ఇది. ఇంతకు ముందు నేను ఏ వీలునామా రాయలేదు. రేపు ఒక పని మీద వెళ్లవలసి ఉన్నది కాబట్టి ఇవాళ రాస్తున్నాను.

నా బుద్ధి స్థిమితంగా ఉన్నది. ఈ మాట అందరూ రాసేదే. నా విషయంలో దీనికి రుజువు కావాలని నాకే తోచింది. అందుకని ఇవాళ పొద్దున మొయినాబాద్‌లో దవాఖాన నడిపే డాక్టర్ ప్రగతి గారి దగ్గరికి పోయాను. ఆమె నన్ను తేదీ అడిగింది, వారం అడిగింది, నూరులోంచి ఏడు చొప్పున తీసేస్తూ పొమ్మన్నది. రెండు దాకా తీసుకుంటూ పోయాను. సర్టిఫికెట్ జతపరిచాను. కింది సంగతులు చదివి ఈ కాగితం చెల్లదని కోర్టుకు పోదలచినవారు ముందుగా దాన్ని చదవాలి. తమ్ముడూ శ్యాంసుందర్, ఇది నీకే చెబుతున్నాను.

1. ఈ వీలునామాను అమలు జరపవలసిన బాధ్యత శ్యాంసుందర్ కూతురు, నా మేనకోడలు నవ్యశ్రీది. ఆమె గండిపేటలో ఇంజనీరింగ్ కాలేజీలో లెక్కలు చెబుతుంది. నేను చెప్పింది ఒక్క ముక్క నమ్మదు, చెప్పిన పని మాత్రం తప్పకుండా చేస్తుంది. ఈ బాధ్యతకు అట్లాంటి మనిషే కావాలి.

2. చేవెళ్ల పాత బజారులో నాన్న కట్టిన ఇంట్లో నాకు సంక్రమించిన సగం వాటా, దుకాణంలోని గోడగడియారం తమ్ముడు శ్యాంసుందర్‌కు చెందాలి.

నేను పాతకాలపు తోటల చరిత్ర మీద పరిశోధన మొదలుపెట్టినప్పుడు అతను దుకాణం ముందు నలుగురిలో, "మేం విత్తులమ్ముతం, మా అక్క ఎండిపోయిన చెట్లను సదువుతది" అన్నాడు. దానికి నేను నొచ్చుకోలేదు, నిజమే కాబట్టి. కాని 2010లో, కింద రాయబోయే సంగతిని మొట్టమొదట అతనికే చెప్పుకున్నాను. మరునాడు "అక్కా, జర బయటికి పోయొద్దాం పా" అని కారెక్కించుకొని మనోవ్యాధుల దవాఖానకు తీసుకుపోయాడు. ఎక్కడికో చెప్పి ఉంటే నేనే వచ్చేదాన్ని. పదిహేనేళ్లు అది మనసులో పెట్టుకున్నాను. ఇవాళ్టితో తీసేస్తున్నాను.

తోట మాత్రం నీకు ఇవ్వడం లేదు. పక్కనే లేచిన ఫంక్షన్‌హాలుకు పార్కింగు కోసం ఇద్దామన్నావు. ఎందుకు వీలుకాదో చదువు.

3. మొయినాబాద్ నుంచి చేవెళ్ల పోయే రోడ్డు దిగి ఈసీ వాగు వైపు రెండు కిలోమీటర్లు పోతే వచ్చే ఎకరం పన్నెండు గుంటల భూమి నా స్వార్జితం. 1991లో నా పేర రిజిస్టరైనది. ఊళ్లో దాన్ని దొరసాని తోట అంటారు. హద్దులు: తూర్పున ఒక ఫాంహౌస్ ప్రహరీ, పడమట వాగు, ఉత్తరాన గులాబీల పాలీహౌస్, దక్షిణాన బండ్ల బాట. ఈ భూమిని, అందులో ఉన్న రాతి గద్దె, కాలువల ఆనవాళ్లు, మోటబావితో సహా, ఆ ఊరి ఆడబిడ్డ సక్కుబాయికి సర్వ హక్కులతో ఇస్తున్నాను. ఆమెకు అరవై మూడేళ్లు. ఆ పాలీహౌస్‌లోనే గులాబీలు కోసి కట్టలు కట్టే పని చేస్తుంది.

ఆ తోటను గోలకొండ సుల్తానుల చివరి రోజుల్లో ఒక అమీరు వేయించాడు. నడుమ గద్దె, నాలుగు దిక్కులకు నాలుగు కాలువలు, కాలువల వెంట వరసగా చెట్లు. అది వేసిన నూట అరవై ఏళ్లకు, నిజాం కొలువులో రోడ్లు కొలిచే డేల్ అనే ఇంగ్లీషు దొర అందులో బంగళా కట్టాడు. అతని భార్య హారియెట్ డేల్‌కు పూలంటే ప్రాణం. పాత చెట్లు కొట్టించి తన దేశపు పూలమళ్లు వేయించాలనుకున్నది. ఊరి నోట్లో మిగిలిన దొరసాని ఆమే.

1987 జనవరి నుంచి మార్చి దాకా నేను అక్కడికి పదకొండుసార్లు పోయాను. అప్పుడది బీడు. బంగళా పునాదులు, పూడిన కాలువలు, బావి, రెండు చింతచెట్లు, ఒక వేపచెట్టు. అంతే. టేపు పట్టి కొలిచి, గద్దె మీద కూర్చుని గంటలకొద్దీ రాసుకునేదాన్ని.

సక్కుబాయి అప్పుడు పాతికేళ్ల పిల్ల. మేకలు తోలుకొని వచ్చేది. దారిలో పాత గేటు రాళ్లు రెండు ఉన్నాయి. వాటి దగ్గర ఆగి చేతులు జోడించి, "రాతలమ్మా, మేం వస్తున్నం, మా పేరు రాయకు" అని అప్పుడు లోపల అడుగు పెట్టేది. ఎవరామె అని అడిగాను.

"గద్దె మీద ఒక అమ్మ కూసోని రాస్తుంటదట. మా పెద్దల కాలం సంది చెప్తరు. కండ్లకు అద్దాలుంటయట, తలకాయ ఎత్తదట. ఆమె కండ్లల్ల వడ్డోనికి కీడైతదట" అన్నది.

నేను ఆ మాటలను అక్షరం పొల్లుపోకుండా రాసుకున్నాను. గద్దె మీద కూర్చునే రాసుకున్నాను. తల ఎత్తి చూస్తే సక్కుబాయి నా కళ్లద్దాల వైపు, నా నోట్‌బుక్కు వైపు చూస్తున్నది. నవ్వబోయింది. నవ్వలేదు. మేకలను మళ్లించుకొని వెళ్లిపోయింది.

ఈ భూమికి నేను పెడుతున్న షరతు ఒక్కటే. సక్కుబాయి అందులో చామంతి వేసుకోవచ్చు, టమాట వేసుకోవచ్చు, మేకలను విడవచ్చు. ఆమె గాని, ఆమె తరువాతివారు గాని, ఎంత చదువుకున్నవాడు వచ్చి అడిగినా సరే, అక్కడ కూర్చుని రాసుకోనివ్వకూడదు.

4. నా పరిశోధన నోట్‌బుక్కులు ఇరవై ఆరు. అవన్నీ నవ్యశ్రీకి. తొమ్మిదో నోట్‌బుక్కులో నలభైయవ పేజీ దగ్గర ఎండిన పొగడపువ్వు ఒకటి ఉంటుంది. దాన్ని జాగ్రత్తగా తియ్యి, రేకలు రాలతాయి.

ఆ పువ్వు 1987 మార్చి 12 నాటిది, ఆ ఏడు నేను తోటకు పోయిన ఆఖరి రోజుది. ఆ మధ్యాహ్నం గద్దె మీద ఉన్నప్పుడు, మోకాళ్ల దాకా పంచె, తలపాగా కట్టుకున్న నలభై ఏళ్ల మనిషి ఒకతను వచ్చి దూరంగా నిలబడ్డాడు. సక్కుబాయి చిన్నాయన ఎవరో అనుకున్నాను. కాసేపు చూసి దగ్గరికి వచ్చాడు.

"అమ్మా, రోజు రాస్తున్నవ్ గద. గీ చెట్ల పేర్లు గూడ రాసుకో. దొరసాని కొట్టిస్తదట. కొట్టినంక ఏ చెట్టు యాడుండెనో ఎవ్వలకు యాదుండది" అన్నాడు.

మా వైపు దొరసాని అంటే ఊరి దొర భార్య. ఏ పటేలు ఇంటి ఆవిడో బీడు కొని చదును చేయిస్తున్నదేమో అనుకున్నాను. అతను కాలువ వెంట నడుస్తూ చెట్టు చెట్టు దగ్గర ఆగి పేరు చెప్పాడు. నేను వెనక నడుస్తూ రాసుకున్నాను. పొగడ, నారింజ, పనస, సంపెంగ, దానిమ్మ, మల్గోబ మామిడి... నలభై ఒక్క పేర్లు. ఎవరు నాటారో, ఏ నెలలో కాస్తుందో, దేనికి నీళ్లు ఎక్కువ కావాలో అన్నీ చెప్పాడు. నా పదేళ్ల చదువులో అంత నిండైన గంట ఇంకొకటి లేదు. నడుస్తూ నడుస్తూ కింద పడి ఉన్న పువ్వు ఒకటి ఏరి నోట్‌బుక్కులో పెట్టుకున్నాను.

ఇది చదివేవారు అడగవలసిన ప్రశ్న ఒకటి ఉన్నది. బీడులో మూడు చెట్లే ఉంటే అతను ఏ చెట్టు దగ్గర ఆగాడు? నేను చూడలేదు. తల వంచుకొని రాస్తూ నడిచాను. మార్చి ఎండలో గంటసేపు తిరిగినా ఆ రోజు నాకు ఎండ తగలలేదన్నది మాత్రం ఇప్పటికీ గుర్తున్నది.

పోయేటప్పుడు నోట్‌బుక్కులోంచి ఒక కాగితం చింపి, నా పేరు, కాలేజీ చిరునామా, ఫోన్ నంబరు రాసి, కింద "పట్నం వస్తే తప్పకుండా కలవండి" అని రాసి ఇచ్చాను. అతను రెండు చేతులతో తీసుకొని కళ్లకు అద్దుకున్నాడు. నాలుగు మడతలు పెట్టి తలపాగాలో దోపుకున్నాడు. "ఎవ్వలకు చెప్పకమ్మా. దొరసానికి తెలిస్తె నా పానం దీస్తది" అన్నాడు. నేను నవ్వి తల ఊపాను. అతని పేరు అడగలేదు.

తరువాత ఊళ్లో సక్కుబాయి కలిసినప్పుడు అడిగితే, "నాకు చిన్నాయన లేడమ్మా. మా ఊర్ల తలపాగ గట్టేటోళ్లే లేరు" అన్నది. పక్క ఊరివాడేమో అనుకొని వదిలేశాను.

5. చిన్న వస్తువులు. నా ఇత్తడి కొలతల టేపు, సిరా పెన్ను, ఉత్తరాల పెట్టె రిటైరైన పోస్టుమాస్టరు జయరాజ్ గారికి. నా ఇంటి వెనుక ఉండే పద్మమ్మకు స్టీలు ఫిల్టరు, ఇటీవలే కొన్న మిక్సీ, పెరట్లోని కరివేపాకు మొక్క. మొక్కను ఆషాఢంలోనే కదిలించాలి పద్మమ్మా, అంతకు ముందు కదిలిస్తే చస్తుంది. నా పుస్తకాన్ని "పూలమొక్కల ధరల పట్టిక" అని సెమినారులో వెక్కిరించి, "తోటమాలుల ముచ్చట్లు చరిత్ర ఎట్లైతది?" అన్న మా పాత డిపార్ట్‌మెంటు పెద్దమనిషికి ఏమీ ఇవ్వడం లేదు. ఆయన అడగబోడు కూడా. అయినా రాసి పెడితే నాకు హాయిగా ఉన్నది.

6. 1993లో అచ్చయిన నా పుస్తకం మీద సమస్త హక్కులు సక్కుబాయి మనవరాలు దీవెనకు. ఆమె పట్నంలో చరిత్రలోనే ఎమ్మే చదువుతున్నది.

ఆ పుస్తకానికి పేరు తెచ్చింది ఆరో అధ్యాయం. నాలుగు కాలువల వెంట నలభై ఒక్క చెట్లు, వాటి వరస, వాటి కాపు. మూడు వందల ఏళ్ల కిందటి తోటను ఇంత వివరంగా ఎవరూ నిలబెట్టలేదని నన్ను మెచ్చుకున్నారు, సన్మానాలు చేశారు. అందులో నాది రాత ఒక్కటే. సమాచారం ఎక్కడిది అనే చోట "స్థానికుడు ఒకరు" అని వేసి ఊరుకున్నాను.

ఇకమీదట ఆ పుస్తకం ఎప్పుడు అచ్చయినా అట్ట మీద మొదటి పేరు హన్మంతు అని ఉండాలి. నా పేరు కింద ఉండవచ్చు, లేకపోయినా ఫరవాలేదు. ఆ పేరు నాకు ఎట్లా తెలిసిందో తరువాతి క్లాజులో ఉన్నది. దీవెనకు ఆ పేరు చెప్పిన రోజు ఆమె దాన్ని రెండుసార్లు పలికి చూసుకున్నది. తరువాత, "మా ఇంట్ల ఎవ్వరికీ ఆయన పేరు తెల్వదు మేడం. దెబ్బలు దిన్న తాత అంటరు, గంతే" అన్నది.

7. బ్యాంకు లాకరులో ఎర్ర తోలు అట్ట డైరీ ఒకటి ఉన్నది. అది కూడా దీవెనకే. ఆమె దాన్ని చదవాలి. చదివినాక ఉంచుకోవడమో, తగలబెట్టడమో ఆమె ఇష్టం.

ఇది హారియెట్ డేల్ 1848లో రాసుకున్న డైరీ. ఇంగ్లండులో ఆ వంశపు ఆఖరి మనిషి, రిటైరైన పంతులమ్మ ఒకావిడ, నా పుస్తకం గురించి విని, తన తరువాత దీన్ని చూసేవాళ్లు లేరని 2009లో నాకు పంపింది. పార్సిల్ పట్టుకొని జయరాజ్ గారే స్వయంగా ఇంటికి వచ్చారు. "మేడం, ఎంత బరువున్నదో సూడండ్రి, రాళ్లు వంపిన్రా ఏంది?" అన్నారు. టీ తాగి వెళ్లారు. ఆయన వెళ్లాక తెరిచాను.

మొదటి పేజీల నిండా ఆమె విత్తనాలు, ఆమె గులాబీలు, ఎండను తిట్టడం. చక్కగా రాస్తుంది. నాకు ఇష్టమైంది. తరువాత జనవరి 19 నాటి పేజీ వచ్చింది. నా తెలుగులో ఇస్తున్నాను:

"గద్దె మీద ఈ దేశపు స్త్రీ ఒకతె కూర్చుని ఉన్నది. కళ్లద్దాలు పెట్టుకున్నది. పక్కన నల్లని పొట్టి గొడుగు. ఏదో రాస్తున్నది. కాపలావాణ్ణి పంపితే అక్కడ ఎవరూ లేరంటాడు. నాకు కనిపిస్తూనే ఉన్నది. తల ఎత్తదు."

నా నోట్‌బుక్కు తీసి చూశాను. 1987లో నేను మొదటిసారి ఆ తోటకు పోయింది జనవరి 19న. జనవరి 27, ఫిబ్రవరి 3, ఫిబ్రవరి 11... నేను పోయిన పదకొండు రోజులూ, సంవత్సరం తప్ప, అవే తేదీలతో ఆ డైరీలో ఉన్నాయి. ఫిబ్రవరి 11న నా చెప్పు తెగింది. ఆమె "ఇవాళ ఆ స్త్రీ ఒక కాలికే చెప్పుతో వెళ్లిపోయింది" అని రాసింది.

మార్చి 12న: "మాలి హన్మంతు దానితో మాట్లాడుతున్నాడు. చెట్లన్నీ చూపిస్తున్నాడు. నేను కిటికీ తెర దించేశాను."

తరువాత రెండు నెలలు ఆ స్త్రీ మాట లేదు. మే 14న హన్మంతు నీళ్లు తోడుతుంటే తలపాగా జారి కాగితం కింద పడింది. దొర తన మున్షీతో చదివించాడు. అందులో ఎవరో ఆడమనిషి పేరు, అర్థం కాని అంకెలు, పట్నం వచ్చి కలవమన్న మాట ఉన్నాయని మున్షీ చెప్పాడు. ఆ అంకెలు రహస్య సంకేతమని, హన్మంతు ఎవరికో వేగు మోస్తున్నాడని దొర తేల్చాడు. మరునాడు కొరడాతో కొట్టించి, మోటబావి పక్క కొట్టంలో పడేసి, నీళ్లు ఇవ్వొద్దని కాపలా పెట్టాడు. దొరసాని రాసింది: "ఎవరిచ్చారని అడిగితే రాసుకునే అమ్మ ఇచ్చింది అంటాడు. ఆ కాగితంలో చెట్ల పేర్లు ఉన్నాయట. చెట్లు పోయినా అది ఉంటుందని దాచుకున్నాడట. మూర్ఖుడు."

అతనికి చదువు రాదు. చెట్ల పేర్లే రాసి ఇచ్చాననుకున్నాడు. నేను ఇచ్చింది నా పేరు.

కాగితాన్ని దొరసాని ఆ పేజీలోనే అంటించింది. నీలి గీతల కాగితం. నా దస్తూరి, మా కాలేజీ ఫోన్ నంబరు. తొమ్మిదో నోట్‌బుక్కులో చిరిగిన అంచు పక్కన పెట్టి చూశాను. పంటికి పన్ను సరిపోయింది. నోట్‌బుక్కు కాగితం ఇంకా తెల్లగా ఉన్నది. అది మాత్రం బెల్లం రంగుకు తిరిగి, వేలు తగిలితే పొడి రాలుతున్నది.

ఆ రోజు ఎంతసేపు కూర్చున్నానో తెలియదు. పద్మమ్మ వచ్చి "ఏమైందక్కా, జరమొచ్చిందా?" అని నుదురు పట్టి చూసినదాకా నాకు సోయి లేదు. ఆనాటి నుంచి నేను తోటలో అడుగుపెట్టలేదు.

8. ఈ క్లాజులో ఎవరికీ ఏమీ ఇవ్వడం లేదు. రేపు ఎందుకు పోతున్నానో రాస్తున్నాను.

డైరీలో తోట మాట ఉన్న ఆఖరి పేజీ 1848 మే 17 నాటిది:

"మిట్టమధ్యాహ్నం. ఆకు కదలడం లేదు. తెల్లజుట్టు ముసలి స్త్రీ ఒకతె బావి దగ్గరికి వచ్చింది. అదే మనిషి. అవే కళ్లద్దాలు. చేతిలో వెండిలా మెరిసే కర్ర ఉన్నది, దాని అడుగున పీటకు ఉన్నట్టు నాలుగు చిన్న కాళ్లు. కొట్టం తలుపు తీసి లోపలికి పోయింది. కాపలావాడు ఆమె పక్క నుంచే నడిచిపోయాడు, చూడలేదు. నేను కేక వేయవలసింది. వేయలేదు. చీకటి పడేదాకా ఆ తలుపునే చూశాను. ఆమె బయటికి రాలేదు. తెల్లవారి తీసి చూస్తే కొట్టంలో హన్మంతు లేడు. ఎవరూ లేరు."

సక్కుబాయికి డైరీ సంగతి చెప్పకుండా, దెబ్బలు తిన్న తాత కథ ఏమిటని అడిగాను.

"సచ్చెటోడేనట. నీళ్లకు అల్లాడిండట. ఎవరో ముసలవ్వ వొచ్చి నీళ్లు దాపిందట, పుండ్లు కడిగిందట, ఎనక గోడ సందుల నుంచి దాటిచ్చిందట. ఆమె ఎవరో ఏమో, మళ్ల కానరాలేదట. ఆయన బతికిన యాడాదికి కొడుకు వుట్టిండు. మేమంత ఆ కొడుకు సంతానమే" అన్నది. రాతలమ్మ వేరు, నీళ్లు తాపిన ముసలవ్వ వేరు అనే వాళ్ల ఇంట్లో ఇన్నాళ్లూ అనుకున్నారు.

నేను పోనని అనుకున్నాను. పదహారు ఎండాకాలాలు అనుకున్నాను. జరిగినది జరిగిపోయింది, హన్మంతు బతికాడు, అతని వంశం నా కళ్లముందు ఉన్నది, కొత్తగా నేను పోవలసినది ఏమున్నది అని వాదించుకున్నాను. పైగా నా చేతిలో నాలుగు కాళ్ల కర్ర లేదు. అందువల్ల ఆ ముసలిది నేను కాదు అని కూడా చెప్పుకున్నాను. అసలు సంగతి భయం. లోపలికి పోయిన మనిషి బయటికి రాలేదని రాసి ఉన్నది.

ఈ ఫిబ్రవరిలో స్నానాలగదిలో పడ్డాను. తుంటి ఆపరేషన్ అయింది. మార్చిలో ఇంటికి పంపుతూ దవాఖానలో నవ్యశ్రీ చేతికి ఒక అల్యూమినియం కర్ర ఇచ్చారు. ఆమె దాన్ని మంచం పక్కన నిలబెట్టి, "సూడత్తా, పట్టుకోకున్నా నిలవడ్తది" అని మురిసిపోయింది. దాని అడుగున నాలుగు కాళ్లు ఉన్నాయి. నేను ముఖం గోడవైపు తిప్పుకున్నాను.

అప్పుడు కూడా నేను నిశ్చయించుకోలేదు. ఇవాళ పొద్దున డాక్టరు దగ్గరికి పోకముందు సక్కుబాయి వచ్చింది. పనికి పోలేదేమని అడిగితే, "ఈ మూడు దినాలు ఆ దిక్కు పోమమ్మా" అన్నది. ఎందుకని గట్టిగా అడిగాను. అప్పుడు చెప్పింది.

"బాయి కాడ ఎవరో మూలుగుతరమ్మా. నీళ్లు నీళ్లు అంటరు. పొయ్యి సూస్తె ఎవ్వరుండరు. ఏటా గీ దినాలల్లనే. నా చిన్నప్పటి సంది ఇంటున్న. నువ్వు సదువుకున్నదానివి, నవ్వుతవని చెప్పలె."

నేను రానన్న పదహారేళ్లూ అతను అడుగుతూనే ఉన్నాడు.

చరిత్రలో జరిగినదాన్ని మార్చలేమని ముప్పై మూడు బ్యాచ్‌ల పిల్లలకు చెప్పాను. అయితే అది జరగడానికి ఎవరో ఒకరు నడిచి పోయి ఉండాలి కదా. ఇంకెవరు పోతారు?

రేపు పన్నెండు గంటలకు పోతున్నాను. రెండు సీసాల నీళ్లు, ఉప్పు, చక్కెర, పసుపు, మెత్తటి పాతచీర ముక్కలు సంచిలో పెట్టుకున్నాను. "నలభై మూడు డిగ్రీల ఎండల పోతవా అత్తా? వడదెబ్బ తగుల్తది" అని నవ్యశ్రీ కోప్పడింది. ఆటో మాట్లాడింది కూడా ఆమే. సక్కుబాయి వెంట వస్తానన్నది, నేను వద్దన్నాను. "ఒక్కదానివి పోతె నా పానం ఎట్ల ఊకుంటదమ్మా?" అని ఏడ్చింది. గేటు రాళ్ల దాకా రావచ్చు. అక్కడ ఆగిపోవాలి.

కొట్టం ఇప్పుడు లేదు. నేలలో నాలుగు పునాది రాళ్లు ఉన్నాయి. తలుపు ఎక్కడ తీస్తానో నాకు తెలియదు. హన్మంతుకు ఏం చెప్పాలో మాత్రం ఆలోచించుకున్నాను. ముందు నీళ్లు తాపాలి. తరువాత, ఆ కాగితంలో చెట్ల పేర్లు లేవని చెప్పాలి. చెప్పకపోయినా నడుస్తుంది, అతను ఎన్నటికీ చదవలేడు. కాని చెప్తాను.

9. నా శరీరం దొరికితే చేవెళ్లలో, అమ్మానాన్నలకు చేసినచోటనే దహనం చేయాలి. శ్యాంసుందర్ చేయాలి. బాజాలు వద్దు.

దొరకకపోతే బావి తోడించవద్దు, పోలీసు కేసు పెట్టవద్దు, సక్కుబాయిని ఎవరూ ఏమీ అడగవద్దు. మైల పట్టవద్దు, దినాలు చేయవద్దు. అప్పుడు నేను రేపు పోయినదాన్ని కాదు, నూట డెబ్బై ఏడేళ్ల కిందట పోయినదాన్ని. అంత పాత చావుకు మైల ఉండదు. పిల్లలు ఎవరి పనులకు వాళ్లు పోవచ్చు.

ఇది నేను చదివి, సరిచూసుకొని, ఎవరి ఒత్తిడీ లేకుండా, కింది సాక్షుల ఎదుట సంతకం చేసిన కాగితం.

మొయినాబాద్,
2025 మే 16, శుక్రవారం, సాయంత్రం అయిదు గంటలు.

(సంతకం) పబ్బ అరుణాదేవి

ఆమె మా ఇద్దరి ఎదుట సంతకం చేయగా చూసి, ఆమె ఎదుట మేము సంతకాలు చేసినాము.

సాక్షులు:
1. (సంతకం) డాక్టర్ ప్రగతి, మొయినాబాద్
2. (సంతకం) జయరాజ్, రిటైర్డ్ పోస్టుమాస్టరు, మొయినాబాద్